ఒకే పేరు మీద

తిరుత్తణి
11-10-82

చిరంజీవి తమ్ముడు దండపాణికి, అక్క వళ్ళియమ్మ దీవించి రాసే ఉత్తరం.

ఇక్కడ మగ్గాలు ఆడుతున్నాయి. నీ బావ మోకాళ్ళు మాత్రం మొరాయిస్తున్నాయి. క్షేమసమాచారాలు ఇంతటితో సరి, అసలు సంగతికి వస్తాను. మన గడియారం బ్యాంకు సంగతి. అదే, గోడ మీద గడియారం పొద్దస్తమానం నాలుగున్నర చూపించే గజవల్లి కోఆపరేటివ్ బ్యాంకు. పోయిన వారం వెంకటముని తన డబ్బు తీసుకుందామని పోతే మేనేజరు కూర్చోబెట్టి కాఫీ తెప్పించి, "రేపు రాప్పా" అన్నాడట. మరునాడు పోతే మళ్ళీ కాఫీయే. ఆ మేనేజరు ఇన్నేళ్ళలో ఒకరికి మంచినీళ్ళు ఇచ్చిన పాపాన పోలేదు. ఇప్పుడు కాఫీ పోస్తున్నాడంటే లోపల డబ్బు లేదని వీధంతా గుసగుసలాడుతోంది.

అందులో మా ఇరవై వేలు ఉంది. ఈ ఇల్లు కొనడానికి కూడబెట్టినదని నీకు తెలుసు. ఇంటాయన, అదే నూలు వ్యాపారం గోపాలన్, వచ్చే ఏడాది దీపావళి దాకా గడువిచ్చాడు. అప్పటికి ఇరవై వేలు చేతిలో పెడితే ఇల్లు మాది, లేకుంటే వేరేవాళ్ళకు అమ్ముతాడు. మగ్గం ఊడదీసి మోసుకుపోవచ్చు, గుంటను మోసుకుపోలేము కదా. నా పెళ్ళినాటి నుంచి నీ బావ కాళ్ళు పెట్టి నేసిన గుంట అది. ఆ బ్యాంకులోనే వీధి డబ్బు ముప్పై వేలు కూడా ఉంది. నూలుకు రంగులు వేసుకునే కొట్టం కట్టుకోవడానికి నలభై ఇళ్ళవాళ్ళు నేసిన ప్రతి చీరకూ కూలిలో ఒక రూపాయి తీసి దాచినది.

తీసేయమని నేను చెబితే నీ బావ వినడు. "వీధి పెద్దే పోయి తీసినాడంటే ఇంగ జనం నిలస్తారా? అందరూ పోయి పడతారు, బ్యాంకు ఆ దినమే మునుగుతాది" అంటాడు. నువ్వు కోఆపరేటివ్ ఆఫీసులోనే కూర్చున్నావు. ఆ బ్యాంకు కాగితాలు నీ టేబులు దాటకుండా ఎక్కడికీ పోవు. తీయమంటావా, ఉంచమంటావా? ఒక్క మాట రాయి చాలు. నువ్వు చెప్పినట్టే చేస్తాము.

నీ అక్క,
వళ్ళియమ్మ

తిరువళ్ళూరు
16-10-82

అక్కకూ, పొన్నుస్వామి బావగారికీ దండపాణి నమస్కారాలు.

నీ ఉత్తరం ఆఫీసులో చదివి నాలో నేను నవ్వుకున్నాను. కాఫీ ఇచ్చినందుకు హడలిపోయే జనం మన వీధిలో తప్ప ఇంకెక్కడా ఉండరు. బ్యాంకు అన్నాక అప్పుడప్పుడు కాస్త ఇరుకు వస్తుంది, పోతుంది. దాని మీద రిజిస్ట్రారు ఉన్నాడు, ఆయన మీద రిజర్వు బ్యాంకు ఉంది. అంతకుమించి ఇప్పుడు డిపాజిట్ ఇన్సూరెన్స్ అని ఒక ఏర్పాటు ఉంది. ఒకవేళ బ్యాంకు మునిగినా బొంబాయి నుంచి ముప్పై వేల దాకా ఇస్తారు. ఇది పార్లమెంటు చేసిన చట్టం, వెంకటముని టీ కొట్టులో చెప్పే కబురు కాదు.

ఆఫీసు కాగితాల సంగతి ఉత్తరాల్లో రాయకూడదు. అది మాకు రూలు. అయినా బావ చెప్పిందే న్యాయంగా ఉంది. వీధి పెద్ద నిబ్బరంగా ఉంటేనే వీధి నిబ్బరంగా ఉంటుంది. డబ్బు కదపవద్దు.

ఇక్కడ అందరం క్షేమం. స్కూటరు కొన్నాను, నీలం రంగు. ఆఫీసులో లోను ఇచ్చారు. రాజామణి వెనక కూర్చోవడానికి భయపడి నా చొక్కా చింపేస్తోంది.

ఇట్లు,
దండపాణి

తిరుత్తణి
9-11-82

ఆఫీసరు తమ్ముడికి,

నీ నిబ్బరం మాట విని కూర్చున్నాము. మొన్న సోమవారం బ్యాంకు మూసేశారు.

తలుపు మీద ఇంగ్లీషులో ఒక కాగితం అంటించి పోయారు. చీర నేసి బతికేవాళ్ళ డబ్బు అది, వాళ్ళకు చదవడం రాని భాషలో చెబితే గొడవ ఉండదనుకున్నారు కాబోలు. హైస్కూలు సారును పిలుచుకొచ్చి చదివించాము. మనిషికి రెండు వందల కంటే ఎక్కువ ఇవ్వరట. మిగతాది ఎప్పుడని ఆ కాగితంలో లేదు. గుమ్మం దగ్గర ఒక పోలీసును కూడా నిలబెట్టారు. డబ్బు పోతున్నప్పుడు కాపలా లేదు, ఖాళీ అయినాక వచ్చింది. ఆ పోలీసు పాపం మంచివాడు, తన ఎనిమిది వందలూ లోపలే ఉన్నాయని మాతో చెప్పుకున్నాడు.

నీ బావ రెండు వందలు కూడా తీసుకోలేదు. క్యూలో ముసలివాళ్ళను ముందుకు పంపుతూ పొద్దున్నుంచి చీకటిపడేదాకా నిలబడ్డాడు. ముప్పై వేల దాకా వస్తుందని నువ్వు రాసిన ఉత్తరం నేను వీధిలో చదివి వినిపించాను. వీధి డబ్బు ముప్పై, మాది ఇరవై, రెండూ ఆ లెక్కకు లోపలే ఉన్నాయి కదా అని అందరినీ సముదాయించాను. మా తమ్ముడు చెప్పాడని నీ పేరు కూడా చెప్పాను. ఎప్పుడు వస్తుందో కనుక్కొని రాయి.

వళ్ళియమ్మ

తిరువళ్ళూరు
20-11-82

అక్కకు నమస్కారం.

బ్యాంకు మూయడం విచారకరం. ఆందోళన పడవద్దు. ఒక విషయం మాత్రం స్పష్టంగా చెప్పాలి. రెండు పాసుబుక్కులూ ఎవరి పేరు మీద ఉన్నాయి? రెండూ బావ పేరు మీదే అని నాకు గుర్తు. అలా అయితే కష్టం.

ఇన్సూరెన్సు ఇచ్చేది పాసుబుక్కుకు కాదు, మనిషికి. ఒక మనిషికి ఒక బ్యాంకులో ఎన్ని పాసుబుక్కులున్నా అన్నీ కలిపి ముప్పై వేలు దాటి ఇవ్వరు. బావ పేరు మీద మొత్తం యాభై వేలు ఉంది, అందుకని వచ్చేది ముప్పై. వీధి డబ్బును వీధివాళ్ళ పేర్ల మీద పెట్టి ఉంటే ప్రతి పైసా వచ్చేది. పాసుబుక్కు మీద ఇది నలభై ఇళ్ళ సొమ్ము అని ఒక్క ముక్క రాయించి ఉన్నా సరిపోయేది. అంత డబ్బును ఒకే పేరు మీద ఎవరైనా పెడతారా? ఎవరినైనా చదువుకున్నవాణ్ణి అడిగి ఉండవలసింది. రూలు నేను పెట్టింది కాదు, నా మీద కోపం తెచ్చుకోవద్దు.

దండపాణి

తిరుత్తణి
5-12-82

తమ్ముడికి,

ఒకే పేరు మీద ఎవరైనా పెడతారా అని అడిగావు. నువ్వు ఏ ఇంట్లో పుట్టావో మరిచిపోయినట్టున్నావు. మన నాయన వీధి పెద్దగా ఉన్నప్పుడు పొత్తు సొమ్మంతా ఎవరి దగ్గర ఉండేది? రెండో మనిషి చేవ్రాలు కావాలని ఎవరైనా అడిగారా? అడిగితే మొదటివాణ్ణి దొంగ అన్నట్టే కదా. నీ బావకు పాసుబుక్కు తెరిచిన రోజున వీధంతా వెంట నడిచి, కొండ మెట్ల దగ్గర కర్పూరం వెలిగించి, తాంబూలం చేతికిచ్చి బ్యాంకులోకి పంపారు. ఆయన పేరు పక్కన ఇంకో పేరు రాయండి అని ఆ రోజు ఎవరైనా అని ఉంటే మిగతావాళ్ళే వాణ్ణి కొట్టేవాళ్ళు. నువ్వూ ఆ రోజు ఇక్కడే ఉన్నావు, వడ తిన్నావు. చదువుకున్నవాడివి, నోరు తెరవలేదు.

బొంబాయిలో ఆ రూలు రాసిన పెద్దమనిషికి ఒక పేరు అంటే ఒక కడుపే అనుకోవడం అలవాటు అయి ఉంటుంది. అక్కడ అంతేనేమో. ఇక్కడ ఒక పేరు వెనక నలభై పొయ్యిలు ఉంటాయని వాళ్ళకు చెప్పడానికే కదా నీలాంటివాళ్ళను జీతమిచ్చి ఆఫీసులో కూర్చోబెట్టింది. నువ్వు వాళ్ళ మాట మాకు చెబుతున్నావే గాని, మా మాట వాళ్ళకు ఎప్పుడు చెప్పావు?

నిన్న వీధి కూడింది. నీ ఉత్తరంలో ఉన్నది నేనే చెప్పాను, దాచలేదు. వెంకటముని లేచి, "నీ దుడ్డూ మా దుడ్డూ ఒకే పేరు మీద ఎందుకు కలిపినావు? ఇంగ మాది యాడ, నీది యాడ?" అని నీ బావను నిలదీశాడు. తాంబూలం పళ్ళెం పట్టుకొని ముందు నడిచింది ఈ వెంకటమునే. నీ బావ ఇంటికొచ్చి గుంటలో దిగి కూర్చున్నాడు. పోగు దూర్చే నాడె చేతిలోనే ఉంది, నేయలేదు. నేను వంటింట్లో ఏడ్చాను. ఇల్లు పోతుందని కాదు. ఆ మనిషిని అలా అడుగుతారని నేను కలలో కూడా అనుకోలేదు.

వళ్ళియమ్మ

తిరువళ్ళూరు
14-3-83

అక్కకూ బావగారికీ నమస్కారాలు.

చాలా రోజులుగా రాయలేకపోయాను. ఆడిట్ పనులు. బ్యాంకు లైసెన్సు రద్దయింది, లిక్విడేటరును వేశారు. ఆయన పంపే ఫారాల మీద బావ సంతకం పెట్టి వెంటనే తిప్పి పంపాలి. దీపావళిలోగా చెక్కు వచ్చే అవకాశం ఉంది.

బాగా ఆలోచించి ఒక సలహా రాస్తున్నాను. చెక్కు బావ పేరు మీదే వస్తుంది. కాగితాల ప్రకారం ఆ డబ్బంతా బావదే. ముందు ఇరవై వేలు గోపాలన్‌కు ఇచ్చి ఇల్లు రాయించుకోండి. మిగిలిన పది వీధికి ఇవ్వండి, బ్యాంకు మునిగింది కాబట్టి ఇంతే వచ్చిందని చెప్పండి. కోర్టుకు పోయినా ఎవరూ ఏమీ చేయలేరు. చట్టం బావ పక్కనే ఉంది. మీ మేలు కోరేవాడు కాకపోతే ఇదంతా రాయడు.

ఆడి కృత్తిక తిరునాళ్ళకు రాజామణి వస్తానంటోంది. నాకు సెలవు దొరకదు.

దండపాణి

తిరుత్తణి
8-8-83

కోఆపరేటివ్ ఆఫీసు గుమాస్తా దండపాణి గారికి,

మీ భార్య వచ్చింది, కావడులు చూసింది, కొండెక్కి దిగింది. మంచి పిల్ల. కల్లాకపటం తెలియదు. నిన్న సాయంత్రం నా పక్కన కూర్చొని కండెలు చుడుతూ ఏమన్నదో ఆమె మాటల్లోనే రాస్తున్నాను.

"ఏమో మా అదృష్టం వదినా. ఆఫీసులో ఆడిట్ కాగితం చూసిన మరుదినమే ఆ బ్యాంకు మా ఊరి బ్రాంచికి పోయి మా ఆరు వేలూ తీసేసినాడు. పురటాసి నెల మొదట్లోనే. దాంతోనే స్కూటరు కొనింది. మీదీ అప్పుడే తీసుంటారని నేను అనుకుంటిని."

పురటాసి మొదలంటే నేను మీకు రాయడానికి మూడు వారాల ముందు. లోను అన్నారు. నవ్వుకున్నాను అన్నారు. బ్యాంకు కాగితాల సంగతి రాయకూడదని రూలు అన్నారు. ఆ రూలులో మీ ఆరు వేలు తీసుకోవడానికి మాత్రం సందు ఉన్నట్టుంది. నేను అడిగింది ఒక్క మాట. తీయమని రాయడానికి నీకు చేతులు రాకపోతే ఏమీ రాయకుండా ఉండవలసింది. నీ దగ్గర్నుంచి ఉత్తరం రాకపోతే నేనే నీ బావ కాళ్ళు పట్టుకొని బ్యాంకుకు పంపి ఉండేదాన్ని. కదపవద్దు అని రాశావు.

రాజామణిని ఏమీ అనవద్దు. తాను చెప్పింది ఏమిటో ఆమెకు ఇంకా తెలియదు.

వళ్ళియమ్మ

తిరువళ్ళూరు
19-8-83

అక్కకు,

నీ ఉత్తరం వచ్చి వారమైంది. ఎన్నోసార్లు మొదలుపెట్టి చింపేశాను.

ఒక బ్యాంకు సన్నగిల్లిందని బయటికి పొక్కితే జనం పడి దాన్ని ఒక్క రోజులో ముంచేస్తారు, అందుకే గుట్టుగా ఉంచుతారు. మాకు అలాగే నేర్పారు. నేను నా డబ్బు తీసుకోవడంలో తప్పు లేదని నాకు నేను చెప్పుకున్నాను. మీకు చెబితే బావ తనది మాత్రం తీసుకొని ఊరుకునే మనిషి కాదు, ముందు వీధికి చెబుతాడు. వీధి పోయి బ్యాంకు మీద పడుతుంది. ఎవరు చెప్పారని విచారణ వస్తే నా ఉద్యోగం పోతుంది. భయం వేసింది అక్కా. మిగతా మాటలన్నీ ఆ భయాన్ని కప్పడానికి రాసినవే. కదపవద్దు అని రాస్తున్నప్పుడు నా చెయ్యి ఆగింది. అయినా రాశాను.

స్కూటరు అమ్మేశాను. ఐదు వేల ఐదు వందలు వచ్చింది. దానికి డ్రాఫ్టు తీసి రిజిస్టర్డ్ పోస్టులో పంపుతున్నాను. సర్కారు బ్యాంకు డ్రాఫ్టే, అనుమానం వద్దు. ఇంటి కోసం వాడుకోండి. బావకు తెలుసా?

దండపాణి

తిరుత్తణి
13-2-84

తమ్ముడికి,

నీ బావకు తెలుసు. నీ ఉత్తరాలన్నీ వరసగా చదివి వినిపించాను. చట్టం నీ పక్కనే ఉందట అని చెబితే, "అట్లయితే వచ్చి నాలుగు చీరలు నేసి పెట్టమను" అన్నాడు.

ఆలస్యంగా రాస్తున్నాను, రాయబుద్ధి కాలేదు. చెక్కు దీపావళికి నెల ముందే వచ్చింది. ముప్పై వేలు. నీ బావ నోట్లన్నీ తువాలలో చుట్టి తెచ్చి వీధి కూడినచోట చాప మీద పెట్టాడు. వెంకటమునే లేచి, "పెద్దాయనా, సగం నువ్వు తీసుకో. మునిగింది నీదీ మాదీ" అన్నాడు. నీ బావ ఏమన్నాడో తెలుసా? "చీరకు రూపాయని ఇచ్చినారు. దాంట్లో అర్ధరూపాయి నా ఇంటికి ఎత్తుకొనిపోతే ఇంగ ఈ వీధిలో నేను యాడ నడిచేది?" ఆ రోజు నాకు ఆయన మీద కోపం కూడా వచ్చింది, అబద్ధం చెప్పను. పది వేలైనా తీసుకొని ఉంటే గోపాలన్ గడువు పొడిగించేవాడేమో. ఆయన తీసుకోలేదు.

గోపాలన్ ఇంటిని బియ్యం మిల్లువాళ్ళకు అమ్మేశాడు. దీపావళి రోజున మగ్గాలు ఊడదీశాము. మేము సామాను ఎత్తుతుండగానే మిల్లువాళ్ళ కూలీలు గుంటలో మన్ను పోసి తొక్కేశారు. నీ బావ వాకిట్లో నిలబడి చూశాడు.

రంగుల కొట్టం లేచింది. వీధి మగవాళ్ళందరూ కలిసి దాని పక్కన వసారా దింపి, మాకోసం రెండు గుంటలు తవ్వారు. అద్దె లేదు. వెనక ఒక చిన్న గది ఉంది, అందులోనే వంట, పడక. ఇల్లు మాది అనుకోవడానికి లేదు గాని, పొమ్మనేవాళ్ళు లేరు. వీధి పొత్తు సొమ్ము ఇప్పుడు పోస్టాఫీసులో ఎవరి పేరు మీద వాళ్ళది ఉంది, నువ్వు చెప్పినట్టే. రూలు ప్రకారం అంతా భద్రం. నీ బావను ఇంకా పెద్దాయనా అనే పిలుస్తారు. ఆయన దగ్గర దాచమని మాత్రం ఎవరూ ఏమీ ఇవ్వరు. ఆయన ఆ సంగతి ఎత్తడు, నేనూ ఎత్తను. నీ సర్కారు ఆ నష్టానికి ఇన్సూరెన్సు ఎంత కడుతుందో ఎప్పుడైనా కనుక్కో.

నీ డ్రాఫ్టు సంగతి. ఇంటికి వాడుకోమన్నావు. ఆ డబ్బుతో కొన్న గోడల మధ్య నాకు నిద్ర పట్టదు. కొట్టం పైకప్పుకు రేకులు తక్కువపడితే దానికి ఇచ్చేశాను. ఇచ్చినవాళ్ళ పేరు రాయించడం మన ఊళ్ళో వాడుకే కదా, గుళ్ళో ట్యూబులైటు ఇచ్చినవాడు కూడా వెలుతురు రాకుండా దాని నిండా తన పేరు రాయించుకుంటాడు. నీకూ ఆ మర్యాద జరిపించాను. లోపలి గోడ మీద, ఎర్ర రంగుతో, అరచేయంత అక్షరాలు. "ఉపయం: దండపాణి, కోఆపరేటివ్ ఆఫీసు, తిరువళ్ళూరు." ఉపయం అంటే విరాళమే కదా, తమిళంలోనే రాయించాను, నీకు తెలుగు కంటే అది బాగా చదవడం వస్తుంది.

నూలు తడుపుకోవడానికి వచ్చిన ప్రతివాళ్ళూ ఎవరీ ధర్మాత్ముడు అని అడుగుతారు. మా తమ్ముడే, బ్యాంకుల సంగతి అందరికంటే ముందు తెలిసినవాడు అని చెబుతాను. చెరిపేయమని నీ బావ రోజూ నాతో గొడవ. "చిన్నోడు, బెదిరిపోయినాడు, ఇడిసిపెట్టు" అంటాడు. నేను ఒప్పుకోలేదు. నా మగ్గం సరిగ్గా ఆ గోడకు ఎదురుగా ఉంది. తల ఎత్తితే నీ పేరే కనిపిస్తుంది. మొదట్లో చూసినప్పుడల్లా పోగు తెగేది. ఇప్పుడు తెగడం లేదు, కాని చూడకుండా ఉండలేకపోతున్నాను. నిన్ను చంకనేసుకొని తిప్పినదాన్ని నేను.

నువ్వు తిరుత్తణిలో కాలు పెట్టి ఏడాదిన్నర అయింది. రైల్లో గంటన్నర దూరం. ఆదివారం రా. సున్నం నానబెట్టాను, కుంచె వెంకటముని ఇంట్లో అడిగి తెచ్చి పెట్టాను. ఆ పేరు నేను చెరపను, నీ బావను చెరపనివ్వను. నీ చేత్తో నువ్వే చెరుపు. తరువాత చేతులు కడుక్కొని కూర్చో, అన్నం పెడతాను.

అక్క